దోమల్ని మొత్తం చంపేస్తే పోలేదా? అపోహలు – వాస్తవాలు

వానలు పడి వీధిలో నాలుగు జ్వరాలు తగిలాయంటే శ్రీకాకుళమైనా విజయనగరమైనా ఒకటే మాట: "పొగ బండి ఎప్పుడొస్తుంది? అసలు దోమన్నదే లేకుండా చేసేయొచ్చు కదా!" జ్వరంతో ఉన్న పిల్లని ఒళ్లో పెట్టుకున్న తల్లి అలా అడగడంలో తప్పు లేదు. వాట్సాప్‌లో ఏదో చదివి, చెరువులో పురుగుమందు పోయించమని పట్టుబట్టేవాళ్లతోనే వస్తుంది చిక్కు.

అపోహ: గట్టి మందు కొడితే దోమజాతి పోతుంది.

ముందు పోయేవి దోమని తినే జీవులు. చెరువులో, వరి మడిలో దోమ లార్వాలని, అంటే గుడ్డు నుంచి వచ్చి నీళ్లలో పెరిగే పిల్ల పురుగుల్ని, తూనీగ పిల్లలు, నీటి పురుగులు, చిన్న చేపలు తింటాయి. మందు పడితే అన్నీ చస్తాయి. ఆ తర్వాత దోమ వారం పది రోజుల్లో మళ్లీ లేస్తుంది, తూనీగ పిల్ల ఎదగడానికి నెలలు పడుతుంది. ఈలోగా ఆ నీళ్లలో దోమకి అడ్డేముంది? పైగా మందుకి చావని దోమలే సంతానం కంటాయి గనక తర్వాతి తరం మొండిదవుతుంది. డీడీటీ అనే పురుగుమందుతో ఈ దేశం అది చూసింది. 1965 నాటికి లక్షకి దిగిన మలేరియా కేసులు 1976లో 64 లక్షలు దాటాయి. దోమ మొండికేయడమొకటి, నిఘా సడలడమొకటి.

పొగ సంగతీ అంతే. అది ఎగిరే దోమకి తగిలితేనే పని చేస్తుంది. డెంగీ మోసే ఏడిస్ మంచం కిందా, దండెం మీది బట్టల చాటునా కూర్చుంటుంది. బండి చప్పుడు వినగానే మనమేమో తలుపులు మూసేస్తాం. డ్రమ్ములోని లార్వాకి పొగ అంటనే అంటదు. కేసు వచ్చిన ఇంట్లోనూ చుట్టుపక్కల ఇళ్లలోనూ 2 శాతం పైరెత్రమ్ అనే దోమల మందు ఒక వంతుకి 19 వంతుల కిరసనాయిలు కలిపి లోపల కొట్టడానికి అర్థముంది, వైరస్ మోసే దోమ అక్కడుంటుంది గనక. ఊరంతా పొగ కమ్మించడం మాత్రం కంటితుడుపే.

కాలువ మీద కోపం కూడా సగం వృథా. మురుగులో పుట్టేది క్యూలెక్స్, బోదకాలు దోమ. ఏడిస్‌కి కాస్త తేట నీరు కావాలి: గోలెం, డ్రమ్ము, కూలరు, ఫ్రిజ్ వెనక ట్రే, వాడని రుబ్బురోలు, పాత టైరు, ఉద్దానం తోటల్లో పడున్న కొబ్బరి చిప్పలు. గుడ్లు నీటిమట్టానికి కాస్త పైన గోడకి అతుక్కుంటాయి, ఎండినా నెలల తరబడి బతుకుతాయి. అందుకే నీళ్లు పారబోసి ఊరుకుంటే చాలదు. లోపలి గోడని కొబ్బరి పీచుతో గట్టిగా రుద్ది, కడిగి, ఆరబెట్టి, అప్పుడు నింపి గుడ్డ కట్టాలి. గుడ్డు దోమయ్యేది ఏడు నుంచి పది రోజుల్లో గనక ఇది వారానికోసారి చేయాలి. శుక్రవారం డ్రై డే, అంటే నీళ్ల పాత్రలు ఖాళీ చేసి ఆరబెట్టే రోజు, పెట్టింది అందుకే. ఖాళీ చేయలేని 200 లీటర్ల డ్రమ్ముకి లార్వాలని చంపే టెమిఫాస్ మందు 1 శాతం గుళికలు 20 గ్రాములు వేయాలి. "ఇంకో గుప్పెడు వేస్తే ఇంకా మంచిది" అనకండి. గుళికల్లోని అసలు మందు తాగునీటికి లీటరుకి 1 మిల్లీగ్రామే హద్దు.

అపోహ: రోగం పోవాలంటే దోమ పోవాలి.

శ్రీలంక 2016లో మలేరియా రహిత దేశమైంది. అక్కడ మలేరియా మోసిన అనాఫిలిస్ క్యులిసిఫేసిస్ దోమ ఇప్పటికీ అక్కడే ఉంది, మన దగ్గరా ఉంది. మనిషి రక్తంలో పరాన్నజీవి లేకపోతే దోమ మోయడానికేముంది? బోదకాలు మాత్రలు ఊరందరూ మింగాలనేది ఇందుకే. సీతంపేట, గుమ్మలక్ష్మీపురం మన్యం వైపు ఇళ్లలో మలేరియా దోమకి గోడలకి మందు కొట్టాక కొన్నాళ్లు అలకొద్దు. మట్టి కింద మందు కప్పబడిపోతే అంతా దండగే.

అపోహ: దోమ పోతే ప్రకృతి కూలిపోతుంది.

ఏ దోమ? ప్రపంచంలో 3,500 దాకా జాతులున్నాయి, రోగాలు మోసేవి కొన్నే. టాక్సోరింకైటిస్ అనే దోమ అయితే కుట్టదు, దాని లార్వా తోటి దోమల లార్వాలనే తింటుంది. ఏడిస్ ఈజిప్టై ఆఫ్రికా నుంచి వచ్చి మన తొట్లలో కాపురం పెట్టింది. అది పోతే ఇక్కడి చెరువుకి పెద్ద లోటేమీ రాదు. కాకపోతే ఆ చోటులోకి ఆల్బోపిక్టస్ అనే ఇంకో ఏడిస్ జాతి రావచ్చు, అదీ డెంగీ మోసేదే.

అపోహ: ల్యాబ్ దోమలన్నీ ఒకటే.

కావు. వోల్బాకియా బాక్టీరియా ఎక్కించిన ఏడిస్‌ని వదిలితే జాతి పోదు, వైరస్ మోయడం తగ్గుతుంది. ఇండోనేషియాలోని యోగ్యకర్తలో వాటిని వదిలిన పేటల్లో, వదలని పేటలకంటే డెంగీ 77 శాతం తక్కువగా వచ్చింది. జీన్ డ్రైవ్ వేరు, ల్యాబ్‌లో దోమ జన్యువులోనే పెట్టే మార్పది, అది తరతరానికీ పాకి జాతినే తుడిచేయగలదు. అసలు నైతిక చిక్కు అక్కడే. పాతపట్నంలో వదిలితే పర్లాకిమిడికి ఎగురుతుంది, మరి ఒడిశావాళ్లని ఎవరు అడిగారు? వదిలాక వెనక్కి పిలవలేం కూడా. 1975లో హర్యానాలోని సోనీపత్‌లో వంధ్య మగదోమల్ని వదిలే ప్రయోగం జీవాయుధ పరిశోధనన్న ఆరోపణల మధ్య ఆగిపోయింది. ఊరివాళ్ల ఒప్పుకోలు లేకుండా ఇలాంటివి నడవవు.

అపోహ: దోమ లార్వాలని తినే గంబూసియా చేపని ఎక్కడైనా వదలొచ్చు.

అది ఉత్తర అమెరికా చేప. కప్పల తోకపిల్లల్నీ, మన చేప పిల్లల్నీ కూడా తింటుంది. వాడని బావిలో, సిమెంటు తొట్టిలో వేయండి. నాగావళి, వంశధార వైపు పారే గెడ్డల్లో, ఊరి చెరువుల్లో వద్దు.