వైర్‌లెస్ మౌస్: మా కౌంటర్ మీద రోజూ వినే అపోహలు, అసలు వాస్తవాలు

నల్లగొండ క్లాక్ టవర్ దగ్గర కంప్యూటర్లు అమ్మడం, రిపేర్లు చేయడం నా పని. 2020 లాక్‌డౌన్‌లో ల్యాప్‌టాప్ సంచులు తగిలించుకుని హైదరాబాద్ నుంచి ఇళ్లకు వచ్చిన పిల్లల్లో కొందరు ఇప్పటికీ ఇక్కడి నుంచే పని చేస్తున్నారు. దేవరకొండ, హాలియా, మిర్యాలగూడ నుంచి కూడా మౌస్ కోసం వస్తుంటారు. "అన్నా, గీ మౌస్ ఖరాబైంది, ఇంకోటియ్యి" అంటూ కౌంటర్ మీద పెట్టేవాటిలో చాలామటుకు చెడిపోయినవి కావు. తేడా ఉండేది మౌస్ పెట్టిన బల్లలోనో, గుచ్చిన పోర్టులోనో, వేసిన సెల్‌లోనో. అది చూడకుండా ఇంకోటి అమ్మితే నాకు బేరం అవుతుంది, వాళ్లకు మాత్రం మళ్లీ అదే తిప్పలు.

అపోహ: కర్సర్ ఆగి ఆగి కదిలితే మౌస్ పోయినట్టే

మొన్న వేసవిలో ఒక తమ్ముడు మూడో మౌస్ పట్టుకుని వచ్చాడు. మూడూ వేర్వేరు కంపెనీలవి. ఇంట్లో మూడూ తడబడ్డాయట, మా షాపులో ఒక్కటీ తడబడలేదు. "ఇంట్లో ఎట్ల పెట్టుకుంటవో అట్లనే పెట్టు" అన్నాను. ల్యాప్‌టాప్ ఎడమ పక్కన రెండు యూఎస్‌బీ పోర్టులున్నాయి. ఒకదాంట్లో హార్డ్ డిస్క్ వైరు గుచ్చాడు, దాన్ని ఆనుకునే రెండోదాంట్లో మౌస్ డాంగిల్, అంటే మౌస్ సంకేతం అందుకునే బుల్లి యూఎస్‌బీ ముక్క, పెట్టాడు. డిస్క్‌లోకి ఒక పెద్ద ఫైలు కాపీ పెట్టగానే కర్సర్ గెంతడం మొదలైంది.

వాస్తవం ఏమిటంటే, వైర్‌లెస్ మౌస్ 2.4 గిగాహెర్ట్జ్ రేడియో తరంగాలతో పని చేస్తుంది. యూఎస్‌బీ 3.0 పోర్టు, దాని వైరు, దానికి తగిలించిన డిస్క్ పని చేస్తున్నంతసేపూ సరిగ్గా అదే పరిధిలో రేడియో రొద పుడుతుంది. ఇంటెల్ కంపెనీయే 2012లో దీని గురించి ఒక సాంకేతిక పత్రం వెలువరించింది. డాంగిల్ ఆ రొద పక్కనే ఉంటే మౌస్ పంపే సంకేతం దానికి సరిగా అందదు. మేం డాంగిల్‌ను కుడి వైపు పోర్టులోకి మార్చాం, గెంతడం ఆగిపోయింది. పోర్టులన్నీ ఒకే వైపు ఉన్న ల్యాప్‌టాప్ అయితే చిన్న యూఎస్‌బీ ఎక్స్‌టెన్షన్ వైరు కొని, డాంగిల్‌ను మౌస్ దగ్గరికి తెచ్చుకోండి. డెస్క్‌టాప్ వాడేవాళ్లు డాంగిల్‌ను సీపీయూ వెనక గుచ్చి, ఆ సీపీయూను ఇనుప బల్ల కిందకు తోస్తారు. ముందు వైపు పోర్టులోకి మార్చి చూడండి. చాలాసార్లు దాంతోనే సరిపోతుంది.

అపోహ: ఖరీదైన మౌస్ ఏ బల్ల మీదైనా నడుస్తుంది

మౌస్‌ను తిరగేసి చూస్తే చిన్న రంధ్రం కనబడుతుంది. అందులో ఒక లైటు, దాని పక్కన బుల్లి కెమెరా ఉంటాయి. ఆ కెమెరా సెకనుకు వెయ్యికి పైగా ఫొటోలు తీసి, ఒకదాంతో ఒకటి పోల్చుకుని మౌస్ ఎటు, ఎంత జరిగిందో లెక్క కడుతుంది. పోల్చుకోవడానికి బల్ల మీద గరుకో, చారో ఏదో ఒకటి దానికి ఆనాలి. మన ఇళ్లలో పని చేసేదేమో అద్దం పరిచిన డైనింగ్ టేబుల్ మీద, లేదంటే పాలిష్ పట్టిన నల్ల గ్రానైట్ మీద. అక్కడ కెమెరాకు పట్టు దొరకదు. లేజర్ మౌసైనా మామూలుగా అద్దం మీద తడబడేదే. అద్దం మీద కూడా నడిచే సెన్సర్లు (ఆ లైటు, కెమెరా కలిసిన భాగం) లేకపోలేదు. లాజిటెక్ 2009లో డార్క్‌ఫీల్డ్ పేరుతో అలాంటిది తెచ్చింది, దానికీ అద్దం కనీసం 4 మిల్లీమీటర్ల మందం ఉండాలి. అంత డబ్బు పెట్టే బదులు ఒక గుడ్డ ప్యాడ్ కొనుక్కోమంటాను. అప్పటికప్పుడు కావాలంటే పాత క్యాలెండర్ కాగితం వెనక్కి తిప్పి పరుచుకున్నా నడుస్తుంది. పాలిష్ పట్టని షాబాద్ బండల మీద కింద కూర్చుని పని చేసేవాళ్లకైతే ఈ బాధే లేదు.

మంచం మీద వాడేవాళ్లకు ఒక మాట. కర్సర్ వణుకుతోందని ఒక అమ్మాయి మౌస్ తెచ్చింది. ఫోన్ లైటు వేసి చూస్తే సెన్సర్ రంధ్రంలో తెల్లటి నూలు పోగు, కనురెప్ప వెంట్రుకంత ఉంది. దుప్పటి నుంచి ఊడింది. ట్వీజర్‌తో లాగేశాను, వణుకు పోయింది. కింద ఒక అట్టో, పలకో పెట్టుకుంటే ఆ పోగు చేరేదే కాదు.

అపోహ: డీపీఐ ఎంత ఎక్కువుంటే మౌస్ అంత మంచిది

మౌస్ ఒక అంగుళం జరిగితే కర్సర్ తెర మీద ఎన్ని చుక్కలు జరుగుతుందో చెప్పే అంకే డీపీఐ. ఫుల్ హెచ్‌డీ తెరకు అడ్డంగా 1920 చుక్కలుంటాయి. మౌస్ 1000 డీపీఐలో ఉంటే, చెయ్యి రెండంగుళాలు జరిగేలోపే కర్సర్ తెర ఈ కొస నుంచి ఆ కొసకు చేరుతుంది. 8000 పెడితే పావు అంగుళం చాలు. ఇక ఎక్సెల్‌లో రెండు గడుల మధ్య గీత పట్టుకోవాలంటే ఊపిరి బిగబట్టాల్సిందే. ఇంటి నుంచి ఆఫీసు పనికి 800 నుంచి 1600 వరకు ఉంటే చాలు. బాక్స్ మీద పెద్ద అంకె చూసి అదనంగా డబ్బు కట్టొద్దు.

అపోహ: డాంగిల్ పాతబడింది, బ్లూటూతే కొనాలి

రెండూ వాడేది అదే 2.4 గిగాహెర్ట్జ్. డాంగిల్‌ది గుచ్చగానే పని మొదలుపెడుతుంది. బ్లూటూత్‌ది పోర్టు మిగిలిస్తుంది, డాంగిల్ పోతుందన్న టెన్షన్ ఉండదు. చాలా మౌస్‌లకు డాంగిల్ పోతే ఇంకో డాంగిల్ కలవదు, మౌస్ మొత్తం పక్కన పడేయాల్సిందే. అందుకే సంచిలో పెట్టేటప్పుడు దాన్ని మౌస్ అడుగున ఉండే గూట్లో పెట్టమని ప్రతి ఒక్కరికీ చూపించి పంపుతాను.

ఆఫీసు ల్యాప్‌టాప్ అయితే కొనేముందు మీ ఐటీ వాళ్లను అడగండి. కొన్ని కంపెనీలు బ్లూటూత్ ఆపేస్తాయి, కొన్ని కొత్త యూఎస్‌బీ పరికరాలను ఒప్పుకోవు. దీని వెనక కారణం కూడా ఉంది. 2016లో బాస్టిల్ అనే భద్రతా సంస్థ పరిశోధకులు, కొన్ని కంపెనీల డాంగిళ్లలోకి వంద మీటర్ల దూరం నుంచి కూడా కీబోర్డు మీటలు నొక్కినట్టు దొంగ సంకేతాలు పంపవచ్చని చూపించారు. దానికి మౌస్‌జాక్ అని పేరు పెట్టారు. ఆ తర్వాత కొన్ని కంపెనీలు సాఫ్ట్‌వేర్ సరిచేసి ఇచ్చాయి. బ్యాంకు పనో, జీతాల లెక్కలో చేసేవాళ్లకు ఊరూపేరూ లేని డాంగిల్ మౌస్ నేను ఇవ్వను. వీలైతే రెండు రకాలుగానూ కలిసే మౌస్ తీసుకోండి. ఆఫీసుది డాంగిల్‌తో, ఇంట్లోది బ్లూటూత్‌తో పెట్టుకుంటే ఒక్క బటన్‌తో దీన్నుంచి దానికి మారవచ్చు.

అపోహ: వైర్‌లెస్ మౌస్ రేడియేషన్ చేతికి మంచిది కాదు

వాస్తవం: అది పంపే శక్తి మిల్లీవాట్లలో ఉంటుంది. చెవి దగ్గర పెట్టుకునే ఫోన్‌ది దానికి ఎన్నో రెట్లు ఎక్కువ. పైగా ఇది ఎక్స్‌రే లాంటిది కాదు. నిశ్చింతగా వాడుకోండి.

అపోహ: ఛార్జింగ్ మౌసే మేలు, సెల్ వేసేది పాతకాలం

నా ఓటు సెల్‌కే. మంచి మౌస్ ఒక్క ఏఏ ఆల్కలైన్ సెల్‌తో నెలల తరబడి నడుస్తుంది, కొన్ని ఏడాది కూడా దాటతాయి. మీటింగ్ మధ్యలో అయిపోయినా కిరాణా కొట్టులో దొరుకుతుంది. గోడ గడియారంలో వేసే, హెవీ డ్యూటీ అని రాసి ఉండే చవక సెల్ మాత్రం వేయొద్దు. అవి తొందరగా నీరు కారతాయి, స్ప్రింగు మీద తెల్లగా, పచ్చగా చిలుము పడుతుంది. పండక్కో, పెళ్లికో చాలా రోజులు ఊరెళితే సెల్ తీసి పక్కన పెట్టండి. ఛార్జింగ్‌దే కావాలంటే వైరు గుచ్చే చోటు ఎక్కడుందో చూసుకోండి. అడుగున ఉంటే ఛార్జింగ్ ఎక్కుతున్నంతసేపు పని చేయలేరు.

అపోహ: చెయ్యి నొప్పా, వర్టికల్ మౌస్ కొంటే పోతుంది

ముందు బల్ల చూడండి. డైనింగ్ టేబుల్ ఎత్తు, కుర్చీ పల్లం అయితే మోచెయ్యి కిందకు వేలాడి, మణికట్టు బల్ల అంచుకు ఒరుసుకుంటుంది. ఏ మౌస్ కొన్నా ఆ ఒరుసుకోవడం పోదు. కుర్చీలో మందపాటి మెత్త వేసుకుని మోచెయ్యి బల్ల ఎత్తుకు తెచ్చుకోండి. మౌస్‌ను కీబోర్డు పక్కనే ఉంచండి. ఆ తర్వాత సైజు. సంచిలో పట్టేంత బుల్లి మౌస్‌లు ప్రయాణాలకు బాగుంటాయి, రోజుకు ఎనిమిది గంటలు పట్టుకుంటే వేళ్లు ముడుచుకుపోతాయి. అరచెయ్యి నిండుగా ఆనేది తీసుకోండి. షాపులో చేత్తో పట్టి చూడకుండా కొనొద్దు, మా దగ్గరైనా సరే. వర్టికల్ మౌస్ ముంజేతిని షేక్‌హ్యాండ్ ఇచ్చినట్టు నిలబెడుతుంది కాబట్టి కొందరికి హాయిగా ఉంటుంది, అందరికీ కాదు. బొటనవేలు, చూపుడువేలు, నడిమివేలు రాత్రిళ్లు తిమ్మిర్లు ఎక్కుతుంటే మౌస్ కోసం తిరగకుండా డాక్టర్‌ను కలవండి.

మర్రిగూడ వైపు నుంచి ఒకాయన వచ్చాడు, ఇంటి నుంచే అకౌంట్స్ పని చేస్తాడు. చిన్నప్పుడు తాగిన బోరు నీళ్లలోని ఫ్లోరైడ్ వల్ల మోచెయ్యి పూర్తిగా చాపలేడు. మౌస్ జరపాలంటే భుజం మొత్తం కదపాలి, సాయంత్రానికి మెడ పట్టేస్తుంది. ఆయనకు ట్రాక్‌బాల్ చూపించాను. అది ఉన్నచోటే ఉంటుంది, పైనున్న బంతిని బొటనవేలితో తిప్పితే కర్సర్ కదులుతుంది. కౌంటర్ దగ్గర స్టూలు వేసి, ఆయన ల్యాప్‌టాప్ ముందే అరగంట కూర్చోబెట్టాను. మొదట కర్సర్ ఎటెటో పోయింది, తర్వాత తన ఎక్సెల్ షీటు తెరిచి ఒక పేజీ పూర్తిచేశాడు, భుజం కదపకుండా. బంతి కింద దుమ్ము పేరుకుంటుంది కాబట్టి, అడుగు నుంచి పెన్నుతో దాన్ని పైకి తోసి, లోపల ఆనించే మూడు చిన్న గుండ్లను వారానికోసారి గుడ్డతో తుడవాలని చేసి చూపించాను. బిల్లు వెనక అదే రాసిచ్చాను.