1954 'ఫైనల్' ప్రోగ్రామ్ కొనేముందు: అపోహలు - వాస్తవాలు

ఓహాయో రాష్ట్రం కొలంబస్‌లో పాత ఆటల కాగితాలు కొని అమ్మడం నా పని. మ్యాచ్ ప్రోగ్రామ్‌లు (మ్యాచ్ రోజు గ్రౌండ్లో అమ్మే పుస్తకాలు), టికెట్ ముక్కలు, పసుపెక్కిన పేపర్లు. ఈ ఊళ్లో కాలేజీ ఫుట్‌బాల్ (మన ఫుట్‌బాల్ కాదు, బంతి చేత్తో పట్టి పరుగెత్తే అమెరికన్ ఆట) అంటే ప్రాణం పెడతారు. ఆఫీసులో పెద్దాయన రిటైరవుతున్నాడంటే మనవాళ్లు కూడా గిఫ్టుకని ఇక్కడి యూనివర్సిటీ జట్టు ఓహాయో స్టేట్ 1954 సీజన్ సరుకు వెతుకుతుంటారు. అందరూ పడేది ఒకే గోతిలో.

అపోహ: 1954 నేషనల్ చాంపియన్‌షిప్ ఫైనల్లో ఓహాయో స్టేట్ యుసిఎల్‌ఏను (లాస్ ఏంజెలెస్‌లోని యూనివర్సిటీ జట్టు) ఓడించింది.

వాస్తవం: ఆ సీజన్లో ఆ రెండు జట్లూ ఎదురుపడనే లేదు. అసలు ఫైనలనేదే లేదు! చాంపియన్ ఎవరో ఓట్లతో తేల్చే రోజులవి. ఏపీ (మన ఏపీ కాదండీ, అసోసియేటెడ్ ప్రెస్) విలేకరులతో ఓట్లేయించేది, యునైటెడ్ ప్రెస్ కోచ్‌లతో వేయించేది. ఆ ఏడాది విలేకరులు ఓహాయో స్టేట్‌ను, కోచ్‌లు యుసిఎల్‌ఏను మొదటి ర్యాంకులో పెట్టారు. రెండింటివీ ఆఖరి పోల్స్ బౌల్ మ్యాచ్‌లకు (సీజన్ అయ్యాక మంచి జట్లను పిలిచి ఆడించే మ్యాచ్‌లు) ముందే వచ్చేశాయి. 1955 జనవరి 1న రోజ్ బౌల్లో ఓహాయో స్టేట్ ఓడిపోయినా ఆ ర్యాంకు కదిలేది కాదు.

ఆ రోజు వాళ్లు ఆడింది సదరన్ కాలిఫోర్నియాతో. వాన, బురద, 20-7తో ఓహాయో స్టేట్ గెలుపు. అదే సదరన్ కాలిఫోర్నియాను యుసిఎల్‌ఏ అప్పటికే 34-0తో చిత్తు చేసింది. సీజన్ మొత్తం తొమ్మిదికి తొమ్మిది గెలిచి, 367 పాయింట్లు కొట్టి 40 మాత్రమే ఇచ్చింది. అయినా ముందటేడు రోజ్ బౌల్ ఆడేసింది కదా, వరసగా రెండోసారి వెళ్లకూడదని వాళ్ల కాన్ఫరెన్స్ (ఆ జట్టు ఉన్న లీగు) రూలు. చిత్తుగా ఓడినవాళ్లు రోజ్ బౌల్‌కి వెళ్లారు, గెలిచినవాళ్లు ఇంట్లో కూర్చున్నారు. ఇది చెబితే ఎవరూ ఓ పట్టాన నమ్మరు.

పోయినేడు హైదరాబాద్ కుర్రాడొకడు ఫోన్ చేశాడు. "అన్నా, ఫైనల్ ప్రోగ్రామ్ కొన్నాను. ఒరిజినలే కదా?" గొంతులోనే టెన్షన్ తెలుస్తోంది. మర్నాడు పట్టుకొచ్చాడు. మంచి చెక్క ఫ్రేము, కింద ఇత్తడి రేకు మీద 'నేషనల్ చాంపియన్‌షిప్ ఫైనల్, ఓహాయో స్టేట్ - యుసిఎల్‌ఏ' అని చెక్కి ఉంది. వెనక అట్ట ఊడదీసి ప్రోగ్రామ్ బయటికి తీశాం. కింది అంచు నీళ్లకు ఉబ్బి రెండు పేజీలు అతుక్కుపోయాయి. లోపల ఆటగాళ్ల జాబితాలో ఓ పక్క ఓహాయో స్టేట్, రెండో పక్క సదరన్ కాలిఫోర్నియా. కాగితం అసలుదే, అబద్ధమంతా రేకులో ఉంది. ఆ రేకు కోసమే వాడు మూడింతలు కట్టాడు. "పరువు పోతుందన్నా" అంటూ కూలబడిపోయాడు. స్క్రూలు తీసి రేకు పక్కన పెట్టి, ఇప్పుడు నిశ్చింతగా ఇవ్వు అన్నాను. తప్పు వాడిది కాదు, అమ్మినవాడిది.

రోజ్ బౌల్ స్టేడియం యుసిఎల్‌ఏ సొంత మైదానం కాబట్టి వాళ్లు ఆడే ఉంటారని కొందరి వాదన. ఆ జట్టు అక్కడికి మారింది 1982లో. అప్పట్లో లాస్ ఏంజెలెస్ కొలీజియంలో ఆడేది.

ఒకే ఆటగాడు బంతితో పరుగెత్తడం, ఇంటర్‌సెప్షన్ (ఎదుటి జట్టు పాస్‌ను మధ్యలో అందుకోవడం) పట్టడం రెండూ ఉంటే ఫొటో కింద పేరు తప్పు పడిందని తిప్పి పంపేసేవాళ్లూ ఉన్నారు. సబ్‌స్టిట్యూషన్లకు హద్దులున్న కాలం, అటు ఆఫెన్సు ఇటు డిఫెన్సు వాళ్లే ఆడేవారు. విస్కాన్సిన్ మీద 88 గజాల ఇంటర్‌సెప్షన్ రిటర్న్ చేసిన హోవార్డ్ క్యాసడీయే మరుసటేడు హైస్‌మన్ (ఏటా మేటి కాలేజీ ఆటగాడికిచ్చే ట్రోఫీ) గెలిచిన రన్నరు.

ఇక ఓడిపోని పెద్ద జట్లు ఆ రెండే అనుకోకండి. ఓక్లహోమా కూడా పదికి పది గెలిచింది. అలాంటి రూలుతోనే దానికీ ఆరెంజ్ బౌల్ దక్కలేదు.

నాకు ఫొటోలు పంపేవాళ్లు అట్ట ఫొటో వద్దు, లోపలి జాబితా పేజీ పంపండి. ఫ్రేములో ఉంటే ముందు బయటికి తీయండి.