కీబోర్డులో శాంపిల్ టోన్లు: అపోహలు - వాస్తవాలు

హనుమకొండ, కరీంనగర్ వైపు ఆర్కెస్ట్రాలకు, బతుకమ్మ ప్రోగ్రాములకు కీబోర్డు వాయిస్తాను. తోటి ప్లేయర్లకు శాంపిల్ టోన్లు, అంటే అసలు వాయిద్యాన్ని రికార్డు చేసి కీలకు పెట్టిన సౌండ్లు కూడా సెట్ చేసి ఇస్తుంటాను. పెన్‌డ్రైవ్ పట్టుకొని వచ్చేవాళ్ల దగ్గర ఎక్కువగా వినే మాటలు ఇవి.

అపోహ: ఫైల్ పెద్దదైతే సౌండ్ ఒరిజినల్‌గా ఉంటుంది.
44.1 కిలోహెర్ట్జ్, 16 బిట్ స్టీరియో వేవ్ ఫైల్ నిమిషానికి సుమారు 10 ఎంబీ అవుతుంది. మోనో అయితే అందులో సగమే. చిన్నగా మోగి ఆగే డప్పు దెబ్బకు మోనో చాలు. సైజు కన్నా ముందు చూడాల్సింది ఫైల్ మొదలు. దెబ్బకు ముందు 30 మిల్లీసెకన్ల నిశ్శబ్దం మిగిలినా వేలికి, సౌండ్‌కు పొత్తు కుదరదు. చాలామంది కీబోర్డే స్లో అయిందనుకొని సర్వీసుకు ఇస్తారు. కంప్యూటర్‌లో వేవ్‌ఫామ్‌ను జూమ్ చేసి, దెబ్బ లేచే చోటే కట్ చేయండి.

అపోహ: ఒక్క దెబ్బ బాగా రికార్డయితే డప్పు టోన్ రెడీ.
నాకు పట్టింపు ఎక్కువ ఇక్కడే. ఒకే శాంపిల్ వరసగా మోగితే ప్రతి దెబ్బా అచ్చు ఒకేలా ఉంటుంది. చేత్తో కొట్టే కళాకారుడి రెండు దెబ్బలు అట్లా ఉండవు. మెల్లగా, మధ్యస్థంగా, గట్టిగా కొట్టించి వెలాసిటీ లేయర్లుగా, అంటే కీని నొక్కే బలాన్ని బట్టి వేరే శాంపిల్ మోగేలా పెట్టాలి. గట్టి దెబ్బకు వాల్యూమ్ తగ్గిస్తే మెల్లటి దెబ్బ అయిపోదు, తోలు పలికే తీరే వేరు. సిర్ర (లావు పుల్ల) దెబ్బను ఒక కీకి, చిటికెన పుల్ల దెబ్బను ఇంకో కీకి ఇవ్వండి. డప్పును మంట మీద కాపిన వెంటనే రికార్డు చేయాలి. చల్లారేకొద్దీ తోలు వదులై శ్రుతి దిగిపోతుంది కాబట్టి మధ్యలో మళ్లీ కాపించండి, లేకపోతే లేయర్లు ఒకదానితో ఒకటి కలవవు. ఒగ్గు డోలు శాంపిల్స్‌కూ ఈ లేయర్ల పద్ధతే మంచిది.

అపోహ: సన్నాయి ఒక్క స్వరం చాలు, కీబోర్డంతా పరచవచ్చు.
మామూలుగా శాంపిల్‌ను పై స్వరానికి జరిపితే వేగమూ పెరుగుతుంది. ఒక ఆక్టేవ్ పైన అది రెట్టింపు, గమకం కూడా అదే లెక్కన పరుగెడుతుంది. రెండు మూడు కీలకు ఒకటి చొప్పున రికార్డు చేసుకోండి.

అపోహ: ఆఫ్ చేస్తే లోడ్ చేసినవన్నీ పోతాయి.
కోర్గ్ ట్రైటన్ లాంటి పాతవాటిలో శాంపిల్స్ ర్యామ్‌లో (ఆఫ్ చేస్తే చెరిగిపోయే మెమరీలో) ఉండేవి, ఆన్ చేసిన ప్రతిసారీ లోడ్ చేయాల్సి వచ్చేది. యమహా ఎంఓడీఎక్స్‌లో 1 జీబీ ఫ్లాష్ మెమరీ ఉంది, అందులో పెట్టినవి అట్లాగే ఉంటాయి.

అపోహ: ఏ టోన్ ఫైలైనా ఏ కీబోర్డులోనైనా పడుతుంది.
వేవ్ ఫైళ్లను శాంప్లింగ్ సౌకర్యమున్న చాలా వర్క్‌స్టేషన్ కీబోర్డులు తీసుకుంటాయి. ఏ శాంపిల్ ఏ కీకి, లూప్ (మళ్లీ మళ్లీ మోగే భాగం) ఎక్కడ అనే వివరాలను మాత్రం ఒక్కో కంపెనీ తన సొంత ఫార్మాట్‌లో దాస్తుంది. యమహా పీఎస్ఆర్-ఎస్ఎక్స్900 ఎక్స్‌పాన్షన్ ప్యాక్‌ను (అదనపు టోన్ల ఫైల్‌ను) కోర్గ్ కీబోర్డు తెరవదు. కాంటాక్ట్ (Kontakt) అనే శాంప్లర్ సాఫ్ట్‌వేర్ లైబ్రరీ కంప్యూటర్ కోసం చేసినది, ఈ రెండింటిలోనూ నేరుగా లోడ్ కాదు. కట్ చేసిన అసలు వేవ్ ఫైళ్లకు స్వరం, లేయర్ పేర్లు పెట్టి విడిగా దాచుకోండి. కీబోర్డు మార్చినప్పుడు మ్యాపింగ్ ఒక్కటి మళ్లీ చేసుకుంటే సరిపోతుంది.