బెర్నార్దో బెల్లొట్టో: అపోహలు - వాస్తవాలు

నేను వీధి దృశ్యాలు గీస్తాను, పిల్లలకు పర్‌స్పెక్టివ్ (దగ్గర, దూరం తేడా తెలిసేలా గీసే పద్ధతి) నేర్పుతాను. పద్దెనిమిదో శతాబ్దపు వెనిస్ చిత్రకారుడు బెల్లొట్టో బొమ్మలు చూపించిన ప్రతిసారీ నాకు ఇవే మాటలు వినిపిస్తాయి.

అపోహ: కనలెత్తో అనే పేరున్న చిత్రకారుడు ఒక్కరే.

వాస్తవం: అసలు కనలెత్తో వెనిస్‌కు చెందిన ఆంతోనియో కనాల్. ఆయన అక్కచెల్లెళ్లలో ఒకరైన ఫియొరెంజా కొడుకే బెల్లొట్టో. తాతగారు నాటకాలకు తెరలు గీసేవారు, బెల్లొట్టో తమ్ముడు పియెత్రో కూడా చిత్రకారుడే. మేనమామ దగ్గర పని నేర్చుకున్న బెల్లొట్టో, ఇంకా ఇరవై నిండకుండానే, 1738లో వెనిస్ చిత్రకారుల సంఘంలో చేరాడు. ఇటలీ దాటాక మేనమామ పేరు కూడా కలిపి సంతకం చేసేవాడు. అందుకే పోలండ్‌లో ఇప్పటికీ కనలెత్తో అంటే ఈయనే. ఇద్దరి బొమ్మలూ పక్కపక్కన పెడితే మేనల్లుడి నీడలు చిక్కగా, వెలుగు చల్లగా ఉంటుంది.

అపోహ: కెమెరా అబ్‌స్క్యూరా ఉంది కాబట్టి చూసి దిద్దేశాడు.

ఈ మాట వింటే నాకు నిజంగా బాధేస్తుంది. ఆ చీకటిపెట్టెలో లెన్సు గుండా దృశ్యం కాగితం మీద పడుతుంది, గీతలు దిద్దుకోవచ్చు. కానీ ఒకసారికి కొంత మేరే పడుతుంది. జర్మనీలో ఎల్బే నది ఒడ్డున ఉన్న డ్రెస్డెన్ నగరం మొత్తం కనిపించాలంటే విడివిడి గీతల్ని కలిపి, లెక్క సరిచేసి, రెండు మీటర్లు దాటిన కాన్వాసు మీదికి పెంచాలి. నీళ్లలో నీడ ఎంత వణకాలో, గోడ మీద ఎండ ఎక్కడ ఆగాలో ఏ పెట్టె చెబుతుంది? అవసరమైతే కట్టడాల్ని కాస్త జరిపేవాడు కూడా.

అపోహ: రాజుల కొలువు, హాయైన బతుకు.

వాస్తవం: 1747లో డ్రెస్డెన్ వెళ్లి ఆస్థాన చిత్రకారుడయ్యాడు. 1756లో పొరుగు రాజ్యం ప్రష్యాతో యుద్ధం వచ్చింది. 1760లో ప్రష్యా ఫిరంగుల దాడిలో ఆయన ఇల్లు పోయింది. తర్వాత అక్కడి కళా అకాడమీలో తక్కువ జీతానికి పర్‌స్పెక్టివ్ పాఠాలు చెప్పాడు. క్రాయిట్స్‌కిర్షె చర్చి శిథిలాల్ని 1765లో గీశాడు. సగం కూలిన గోపురం, కింద పనివాళ్లు. ఆ బొమ్మ ముందు నాకు మాట రాదు.

అపోహ: యుద్ధంలో కూలిన పోలండ్ రాజధాని వార్సాను ఆయన బొమ్మలు చూసే మళ్లీ కట్టారు.

వాస్తవం: సగం నిజం. రష్యా వెళ్దామని బయల్దేరి వార్సాలో ఆగి, 1780లో చనిపోయేదాకా అక్కడే ఉన్నాడు. పోలండ్ రాజు స్తనిస్వాఫ్ అవుగుస్త్ కోసం గీసిన 26 నగర దృశ్యాల్లో 22 ఇప్పుడు రాజకోటలో ఉన్నాయి. రెండో ప్రపంచ యుద్ధంలో నేలమట్టమైన పాత నగరాన్ని తిరిగి కట్టేటప్పుడు ఇవి బాగా ఉపయోగపడ్డాయి. కానీ యుద్ధానికి ముందు ఆర్కిటెక్చర్ విద్యార్థులు టేపులు పట్టుకుని కొలిచి గీసిన ప్లాన్లు, యుద్ధకాలంలో దాచి కాపాడినవి, అంతకన్నా తక్కువ సాయం చేయలేదు.