బంతి చివరి విస్తరి

చిరంజీవులైన మనవలకు, మనవరాళ్ళకు తాతయ్య ఆశీస్సులు.

మీలో ఇంగ్లండులోని హల్ ఊళ్ళో ఉంటున్నవాడు మొన్న ఫోన్లో అడిగాడు: "తాతయ్యా, హంబర్ వంతెన దగ్గర్నుంచి మా ఊళ్ళోకొచ్చే పెద్ద రోడ్డు పేరు క్లైవ్ సలివన్ వే. ఆయన రాజుగారా?" రాజు కాదురా, రగ్బీ లీగ్ అనే బంతాటలో వింగర్ అన్నాను. "వింగర్ అంటే?" అని వెంటనే ఇంకో ప్రశ్న వేశాడు. అది ఫోన్లో తేలేది కాదు కాబట్టి అందరికీ కలిపి రాస్తున్నాను.

పెళ్ళిలో బంతి భోజనాలు చూశారుగా. వరసగా 13 విస్తళ్ళు వేశారనుకోండి, ఆ ఆటలో జట్టుకు 13 మందే. గారెల బుట్టే ఆడే బంతి అనుకోండి, అది మధ్యలో బయల్దేరి చేతులు మారుతూ అంచుకు వస్తుంది. చిట్టచివర విస్తరి ముందున్నవాడే వింగర్, ఈ కొసన ఒకడు, ఆ కొసన ఒకడు. బంతిని చేత్తో ముందుకు విసరకూడదు, పక్కకో వెనక్కో అందించాలి. చాలాసార్లు మధ్యలోనే ఎవణ్ణో పడగొట్టేస్తారు, బుట్ట అక్కడే ఆగిపోతుంది. అలా ఆరుసార్లు ఆగితే అవతలి వరసకు, అంటే ఎదుటి జట్టుకు వెళ్ళిపోతుంది. చివరివాడు చెయ్యి చాచుకునే ఉండాలి. పరధ్యానంగా ఉన్నాడా, గారె మట్టిలో పడ్డట్టే.

మా చిన్నప్పుడు పెళ్ళిళ్ళలో పిల్లల్ని కొసకే తోసేవారు. నేను పప్పన్నం ముట్టకుండా బుట్ట వైపే మెడ సాచి చూస్తుంటే, మా మేనత్త "ఒరే, ముందు ఆకులో ఉన్నది తినరా" అని కసిరేది. కానీ కొసన కూర్చోవడంలో ఓ సుఖముంది. వడ్డించేవాడు మళ్ళీ వెనక్కి మొయ్యలేక మిగిలిన బూరెలన్నీ మన ఆకులోనే బోర్లించి పోతాడు. వింగర్‌కీ అంతే. అడ్డుకునేవాళ్ళంతా మధ్యలో మూగితే అంచున చోటు ఖాళీ. బంతి అందిందంటే ఇక పరుగే. ఎదుటి జట్టు వైపు కొసనున్న గీత దాటి దాన్ని నేలకు ఆనిస్తే అది ట్రై. బూరెలు తినేవాణ్ణి ఎవరూ వెంటపడి కింద పడేయరనుకోండి, అది వేరే సంగతి.

ఇక సలివన్ కథ. 1943లో వేల్స్‌లోని కార్డిఫ్‌లో పుట్టిన నల్లజాతి కుర్రాడు. చిన్నతనంలో కాళ్ళకు ఆపరేషన్ల మీద ఆపరేషన్లు. సరిగ్గా నడవడమే కష్టమన్నారట డాక్టర్లు. తర్వాత సైన్యంలో చేరాడు. అక్కడ రగ్బీ ఆడమన్నారు. ఆడనంటే పాత ఆపరేషన్ల సంగతి బయటపడి ఉద్యోగం ఊడుతుందేమోనని భయం. ఏదో దెబ్బ తగిలినట్టు నటించి తప్పుకుందామనుకుని దిగాడని చెబుతారు. బంతి చేతికొచ్చేసరికి నటన మరిచిపోయి పరుగెత్తాడు! డాక్టర్లు చెప్పింది వినొద్దని కాదర్రా, మందులు వేళకు వేసుకోండి. కానీ "నీ వల్ల కాదు" అన్న మాటను మాత్రం మందులా మింగేయకండి.

1961లో హల్ ఎఫ్‌సీలో చేరి ఆ జట్టుకు 250 ట్రైలు చేశాడు. ఆ ఊరికి హల్ అనే నదే మధ్యగీత. పడమటి వాళ్ళది హల్ ఎఫ్‌సీ, తూర్పు వాళ్ళది హల్ కేఆర్. ఒకరంటే ఒకరికి పడదు. ఈయన 1974లో అటు వెళ్ళి వాళ్ళకూ 118 ట్రైలు చేసిపెట్టాడు. అయినా రెండు ఒడ్లూ ఆయన్ని మావాడే అన్నాయి. అది ట్రైలకన్నా కష్టమైన పని. 1980లో ఈ రెండు జట్లే ఛాలెంజ్ కప్ అనే పెద్ద పోటీ ఫైనల్‌కు వెళితే ఊరంతా లండన్‌కు బయల్దేరింది. "చివర వెళ్ళేవాళ్ళు లైట్లు ఆర్పండి" అని దారిలో ఎవరో రాసిపెట్టారట! కప్పు ఆయన ఆడిన హల్ కేఆర్‌కే దక్కింది.

అన్నిటికన్నా పెద్దది 1972 ప్రపంచ కప్పు. గ్రేట్ బ్రిటన్‌కు ఆయనే కెప్టెన్. బ్రిటన్ జాతీయ జట్టుకు, ఏ ఆటలోనైనా సరే, సారథి అయిన మొదటి నల్లజాతీయుడు. ఫ్రాన్సులో లియాన్‌లో ఫైనల్, ఎదుట ఆస్ట్రేలియా. తమ సగంలోనే బంతి అందుకుని అంచు వెంట అంత దూరమూ పరుగెత్తి ట్రై చేశాడు. స్కోరు 10-10. అదనపు సమయం ఆడినా తేలలేదు. లీగ్ దశలో మెరుగ్గా ఆడినందుకు కప్పు బ్రిటన్‌కు ఇచ్చారు. అంతటివాడు 1985లో, 42 ఏళ్ళకే కేన్సర్‌తో పోయాడు. ఆయన పోయాకే ఊరు ఆ రోడ్డుకు ఆ పేరు పెట్టుకుంది.

ఆపరేషన్లయిన ఆ కాళ్ళు అంత వేగం ఎలా తెచ్చుకున్నాయో నాకైతే అంతుపట్టదు. ఒక పని చెయ్యండి. ఈసారి మ్యాచ్ చూసినప్పుడు ఓ పది నిమిషాలు బంతిని వదిలేసి, 2 లేదా 5 నంబరు చొక్కావాణ్ణే చూడండి. బంతి రాకపోయినా వాడు ఏం చేస్తున్నాడో నాకు రాయండి.

మీ తాతయ్య