రానిడే అంటే కప్పలన్నీ కాదు: కప్పల కుటుంబాల పేర్ల మీద అపోహలు, వాస్తవాలు

తిరుపతిలో అక్టోబరు, నవంబరు వానలు పట్టుకున్నాయంటే నా ఫోను కప్పల ఫొటోలతో నిండిపోతుంది. పాత విద్యార్థులు, బడి ఉపాధ్యాయులు, శేషాచలం అడవుల్లో నడకకు వెళ్లేవాళ్లు పంపిస్తుంటారు. చాలా ఫొటోల కింద ఒకే మాట ఉంటుంది: రానిడే. చెరువులో కప్పా రానిడే, స్నానాలగది గోడకు అతుక్కున్నదీ రానిడే, వీధి దీపం కింద పురుగుల కోసం కాచుకున్న గోదురుకప్పా రానిడేనే. జంతుశాస్త్రం పాఠం చెప్పడం, వానాకాలం రాత్రుళ్లు పిల్లలతో కలిసి చెరువుగట్ల మీద కప్పలను గుర్తించి నమోదు చేయడం నా వృత్తి. కుటుంబం పేరు అలంకారానికి రాసేది కాదు. మనం చూసినదాని గురించి ఎంతవరకు నిక్కచ్చిగా చెప్పగలమో అంతవరకే చెప్పే మాట అది. అందుకే దాన్ని ఎక్కడపడితే అక్కడ వాడుతుంటే నాకు బాధగా ఉంటుంది.

అపోహ: రానిడే అనేది కప్పలన్నింటికీ శాస్త్రీయనామం.

కప్పలన్నింటినీ కలిపి చెప్పే పేరు అనూరా, అంటే తోక లేనివి. అది క్రమం. ఆ క్రమంలో యాభైకి పైగా కుటుంబాలున్నాయి. రానిడే వాటిలో ఒక్కటి, నాలుగు వందలకు పైగా జాతులున్న పెద్ద కుటుంబం. మరి తిరుపతి ఇళ్ల చుట్టూ, చెరువుల్లో మామూలుగా కనిపించే కప్పలు ఏ కుటుంబాలవి? అడుగు చప్పుడు వినగానే నీటి మీద గెంతుకుంటూ పారిపోయే యూఫ్లిక్టిస్ సయనోఫ్లిక్టిస్, వానలకు ఒళ్లంతా పసుపుపచ్చగా మారి నీలిరంగు గొంతుసంచులు ఉబ్బించి అరిచే పెద్ద కప్ప హోప్లోబట్రాకస్ టైగరైనస్, ఈ రెండూ డైక్రోగ్లాసిడే. గోదురుకప్ప బ్యుఫోనిడే. గోడలెక్కే పాలిపెడేట్స్ మాక్యులేటస్ రాకోఫోరిడే. బొటనవేలంత ఉండి ఊరంతా వినపడేలా కూసే మైక్రోహైలా ఆర్నేటా మైక్రోహైలిడే. ఇంత జాబితాలో రానిడే ఒక్కటీ లేదు.

ఈ పొరపాటు ఊరికే రాలేదు. జీవుల వర్గీకరణకు పునాది వేసిన లిన్నేయస్ 1758లో కప్పల్ని, గోదురుకప్పల్ని, చెట్టుకప్పల్ని కూడా రానా అనే ఒకే ప్రజాతిలో, అంటే దగ్గరి జాతుల ఒకే గుంపులో పెట్టాడు. 1796లో బాట్ష్ అనే శాస్త్రవేత్త ఆ రానా పేరు మీదే కుటుంబాన్ని నిలబెట్టాడు. ఆ తర్వాత రెండు వందల ఏళ్ల పాటు ఎక్కడా ఇమడని ప్రతి కప్పనూ అందులోనే వేస్తూ పోయారు. ఆఫ్రికా కప్పలు, మడగాస్కర్ కప్పలు, మన కప్పలు అన్నీ అందులో చేరి రానిడే నిజంగానే కప్పల తక్కెడ అయింది. మన తరాల వాళ్లందరూ ఇంటర్‌లో చదివిన "రానా టైగ్రినా" ఆ కాలం నాటిదే. ఇప్పటి వర్గీకరణ ప్రకారం రానా ప్రజాతి ద్వీపకల్ప భారతంలో లేనే లేదు.

అపోహ: కుటుంబం పేరుకు అర్థం తెలిస్తే ఆ కప్పల లక్షణం తెలిసినట్టే.

తరగతిలో నన్ను ఎక్కువగా అడిగే ప్రశ్న "దీని అర్థం ఏమిటి?" అనే. రానా అంటే లాటిన్‌లో కప్ప. చివరనున్న "ఇడే" గ్రీకు నుంచి వచ్చింది. ఫలానావారి సంతానం అని చెప్పే ప్రత్యయం అది. దశరథుడి కొడుకు దాశరథి, ద్రుపదుడి కూతురు ద్రౌపది అయినట్టే రానా పేరున నిలిచిన వంశం రానిడే. దాశరథి అనే పేరు రాముడి రంగునో, ఎత్తునో చెప్పదు. ఎవరి బిడ్డో మాత్రమే చెబుతుంది. కుటుంబం పేరు చేసే పనీ అంతే. ఒక ప్రజాతిని ఆధారంగా నిలిపి, దానికి దగ్గరి చుట్టాలన్నీ ఇందులో ఉన్నాయని చెబుతుంది. ఆ ఆధారాన్ని మాదిరి ప్రజాతి అంటారు.

బ్యుఫో నుంచి బ్యుఫిడే రావాలి కదా, మధ్యలో "న" ఎందుకు వచ్చిందని అడిగే పిల్లలంటే నాకు ప్రత్యేకమైన ఇష్టం. లాటిన్‌లో బ్యుఫోకు షష్ఠీ విభక్తి రూపం బ్యుఫోనిస్. ప్రత్యయం చేరేది ఆ రూపంలోని మూలానికి. అందుకే బ్యుఫోనిడే.

పేరుకు అర్థం వెతికి లక్షణం పట్టుకోబోతే ఎలా తప్పుదారి పడతామో మైక్రోహైలిడే చూపిస్తుంది. మైక్రోహైలా అంటే చిన్న హైలా. హైలా చెట్టుకప్పల ప్రజాతి. కానీ మైక్రోహైలా చెట్టుకప్ప కాదు, దాని కుటుంబంలో అన్నీ చిన్నవీ కావు. ఏడు వందలకు పైగా జాతులున్న ఆ కుటుంబంలోనే అరచేయి నిండా బొద్దుగా ఉండే యుపెరోడాన్ సిస్టోమా కూడా ఉంది.

అపోహ: మాదిరి ప్రజాతి పేరు రద్దయితే కుటుంబం పేరు కూడా రద్దవుతుంది.

దీనికి జవాబు మన చెరువుల్లోనే ఉంది కాబట్టి కొంచెం వివరంగా చెబుతాను. డైక్రోగ్లాసిడే పేరుకు ఆధారం డైక్రోగ్లాసస్ అనే ప్రజాతి. గ్రీకులో చీలిన నాలుక గలది అని అర్థం. 1860లో గుంథర్ అనే శాస్త్రవేత్త ఆ పేరు పెట్టాడు, 1871లో ఆండర్సన్ అనే మరో శాస్త్రవేత్త దాని మీద కుటుంబం పేరు కట్టాడు. ఇప్పుడు మీరు ఏ జాబితా తిరగేసినా డైక్రోగ్లాసస్ అనే ప్రజాతి బతికి ఉన్నట్టు కనిపించదు. గుంథర్ కొత్తదనుకున్న కప్ప నిజానికి మనం రోజూ చూసే, నీటి మీద గెంతే యూఫ్లిక్టిస్సేనని తర్వాత తేలింది. యూఫ్లిక్టిస్ పేరును ఫిట్జింగర్ 1843లోనే పెట్టి ఉన్నాడు. ముందు పెట్టిన పేరుకే హక్కు కాబట్టి డైక్రోగ్లాసస్ పక్కకు పోయింది.

అయితే కుటుంబం పేరు యూఫ్లిక్టిడే అని మారిపోలేదు. 1960 తర్వాత మాదిరి ప్రజాతి పేరు ఇలా మరో పేరులో కలిసిపోయినా, దాని మీద కట్టిన కుటుంబం పేరు ఆ కారణంతో పోదని అంతర్జాతీయ జంతు నామకరణ నియమావళి స్పష్టంగా చెబుతోంది. పేర్లు నిలకడగా ఉండాలన్నదే ఆ నియమం ఉద్దేశం. అవిలాల చెరువులోనో పేరూరు చెరువులోనో టార్చి వేస్తే నీటిపై తేలే ఆ రెండు కళ్లున్నాయే, రెండు వందలకు పైగా జాతులున్న కుటుంబం పేరు వెనక ఉన్నది ఆ కప్పే. ఈ సంగతి చెప్పినప్పుడు పిల్లలు ఆ కప్పను మళ్లీ కొత్తగా చూస్తారు. వెనక కాలి వేళ్ల కొసల దాకా సాగిన పొర, నడినెత్తికి ఎక్కినట్టున్న కళ్లు అప్పుడు కంటపడతాయి.

అపోహ: ఒకేలా కనిపిస్తే ఒకే కుటుంబం.

నమోదుల్లో అన్నింటికంటే ఎక్కువ తప్పులు ఇక్కడే జరుగుతాయి. చంద్రగిరి వైపు వేరుశనగ చేలల్లో తొలి వానకు నేలలోంచి బయటికి వచ్చే గుండ్రటి కప్పలు రెండు రకాలున్నాయి. ఒకటి స్ఫెరోథీకా, రెండోది యుపెరోడాన్. రెండూ పొట్టి కాళ్లతో బొద్దుగా ఉంటాయి. రెండింటికీ వెనక పాదం అడుగున పారలాంటి గట్టి బొడిపె ఉంటుంది. దానితో మట్టిని తోసుకుంటూ వెనక్కి వెనక్కి నేలలోకి దిగిపోతాయి. చేతిలో పెట్టి చూపిస్తే అన్నదమ్ములనే అంటారు. కానీ స్ఫెరోథీకా డైక్రోగ్లాసిడే, యుపెరోడాన్ మైక్రోహైలిడే. ఎండకు బీటలు వారే నేలలో బతకడానికి రెండు వేర్వేరు వంశాలు విడివిడిగా ఒకే పనిముట్టును సంపాదించుకున్నాయి.

తేడా పట్టుకోవాలంటే ముందు మూతి చూడండి. యుపెరోడాన్‌ది చీమల్ని, చెదల్ని ఏరుకు తినే సన్నటి చిన్న నోరు. స్ఫెరోథీకాది మామూలు కప్పలా వెడల్పాటి నోరు. ఇంకా గట్టి సాక్ష్యం నీటిగుంటలో దొరుకుతుంది. డైక్రోగ్లాసిడే తోకకప్పలకు నోటి దగ్గర నల్లటి గట్టి ముక్కు, దాని చుట్టూ బొచ్చుబ్రష్షులాంటి సన్నటి పళ్ల వరుసలు ఉంటాయి. నీరు బయటికి పోయే రంధ్రం శరీరానికి ఎడమ పక్కన ఉంటుంది. మైక్రోహైలిడే తోకకప్పలకు ఆ ముక్కూ ఉండదు, ఆ పళ్లూ ఉండవు. రంధ్రం పొట్ట కింద నడిమధ్యన ఉంటుంది. ఒక తెల్లటి గిన్నెలో కాసిని నీళ్లు, చేతి భూతద్దం ఉంటే చాలు, గట్టు మీదే తేల్చుకోవచ్చు. పెద్ద కప్పలు బురదలో దాక్కున్నా వాటి పిల్లలు కుటుంబం ఆనవాలు చెప్పేస్తాయి.

గోడ మీది చెట్టుకప్పను హైలా అనడం కూడా ఇలాంటిదే. వేళ్ల చివర గుండ్రటి బిళ్లలు చూసి హైలిడే అనుకుంటారు. మన ఇళ్లలోది రాకోఫోరిడే. నీటితొట్టి అంచున, నీటి పైకి వంగిన కొమ్మన తెల్లటి నురుగు ముద్ద కనిపిస్తే అది దాని గూడు. గుడ్లు అందులోనే ఉంటాయి, పొదిగాక పిల్లలు కింది నీళ్లలోకి జారతాయి. దయచేసి దాన్ని కడిగేయకండి.

అపోహ: గరుకు చర్మముంటే బ్యుఫోనిడే, నున్నగా ఉంటే రానిడే.

దక్షిణ అమెరికాలోని అటెలోపస్ కప్పలు నున్నగా, మెరిసే రంగులతో ఉంటాయి. అవీ బ్యుఫోనిడేనే. ఆ కుటుంబానికి చర్మం కంటే నమ్మదగిన గుర్తు పళ్లు లేని దవడ. మన గోదురుకప్పను ముట్టుకుంటే పులిపిర్లు వస్తాయన్న భయం కూడా పోవాలి. పులిపిర్లకు కారణం మనుషుల పాపిలోమా వైరస్, కప్ప కాదు. కంటి వెనక ఉబ్బెత్తుగా ఉండే గ్రంథుల్లో విషం ఉన్నమాట నిజమే. అది నోట్లోకో కంట్లోకో పోకుండా చేతులు కడుక్కుంటే సరిపోతుంది. ఆ కప్ప ప్రజాతి దత్తాఫ్రైనస్ అని 2006లో మారింది. ఒడిశాకు చెందిన కప్పల శాస్త్రవేత్త సుశీల్ కుమార్ దత్తా గౌరవార్థం పెట్టిన పేరది.

అపోహ: శాస్త్రవేత్తలు తోచినప్పుడల్లా పేర్లు మారుస్తారు, కాబట్టి పాత పేరు రాసినా ఫర్వాలేదు.

పేరు పెట్టడానికి నియమాలున్నాయి. ఏ కప్ప ఏ వంశానిదో తేల్చడానికి ఆధారాలు కావాలి. డీఎన్‌ఏను పోల్చి చూడడం మొదలయ్యాక పాత రానిడేలోని కప్పలన్నీ ఒకే తల్లి పిల్లలు కావని తేలింది. 2006లో వచ్చిన పెద్ద అధ్యయనం డైక్రోగ్లాసిడేను విడి కుటుంబంగా నిలబెట్టింది. అదే అధ్యయనం కేరళ కొండల్లోని నాసికాబట్రాకస్ అనే కప్పను సీషెల్స్ దీవుల కప్పల కుటుంబమైన సూగ్లాసిడేలో కలిపేసింది. 2003లో బిజు, బోసుయ్ అనే శాస్త్రవేత్తలు ఆ కప్పను ప్రకటించినప్పుడు దానికి నాసికాబట్రాకిడే అని కొత్త కుటుంబమే ఇచ్చారు. ఇప్పుడు ఎక్కువమంది మళ్లీ విడి కుటుంబంగానే లెక్కిస్తున్నారు. ముక్కు మొనదేలిన కప్ప కాబట్టి మన నాసిక శబ్దం ప్రపంచ జాబితాలోకి ఎక్కింది. నాసికాబట్రాకస్, సీషెల్స్ కప్పలు దగ్గరి చుట్టాలన్న విషయంలో ఎవరికీ పేచీ లేదు. గీత ఎక్కడ గీయాలన్నదే చర్చ. దాన్ని ఇష్టారాజ్యం అనడం అన్యాయం.

పాత పేరు రాస్తే నష్టం కూడా ఉంది. కప్పకాళ్ల ఎగుమతి కోసం మన దేశంలో ఒకప్పుడు ఎన్ని కప్పలు పోయాయో పెద్దవాళ్లకు గుర్తుండే ఉంటుంది. 1987లో ఆ ఎగుమతిని నిషేధించారు. అంతర్జాతీయ వ్యాపారాన్ని నియంత్రించే సైటిస్ ఒప్పందం రెండో అనుబంధంలో 1985 నుంచి ఉన్న మన కప్పలు ఇప్పుడు హోప్లోబట్రాకస్ టైగరైనస్, యూఫ్లిక్టిస్ హెక్సాడాక్టైలస్ అనే పేర్లతోనే ఉన్నాయి. ఎక్కడో పట్టుబడిన సరుకు కాగితం మీద రానా టైగ్రినా అనో, ఉత్త రానిడే అనో ఉంటే, అది రక్షణ ఉన్న కప్ప అని రుజువు చేయడం ఎంత కష్టమో ఆలోచించండి.

ఇక రాసే పద్ధతి. ప్రజాతి, జాతి పేర్లను వాలు అక్షరాల్లో రాస్తారు. కుటుంబం పేరును నిటారు అక్షరాల్లోనే రాయాలి. రోమన్ లిపిలో రాస్తే మొదటి అక్షరం పెద్దది. తెలుగులో ఆ సౌకర్యం లేదు కాబట్టి పక్కన కుటుంబం అనే మాట తప్పకుండా చేర్చండి. "రానిడేలు" అనకండి, ఆ పేరు లాటిన్‌లో ముందే బహువచనం. ఒక్క కప్ప గురించి చెప్పాలంటే రానిడ్ కప్ప, బ్యుఫోనిడ్ కప్ప అనవచ్చు.

జాతి తేలకపోతే ఊహించి రాయవద్దు. "డైక్రోగ్లాసిడే కుటుంబం, జాతి తేలలేదు" అని రాసిన నమోదు పనికొస్తుంది. "హోప్లోబట్రాకస్ కావచ్చు" అన్నది జాబితాకెక్కాక ఆ "కావచ్చు" రాలిపోతుంది, తప్పు మాత్రం మిగిలిపోతుంది. నాకు ఫొటో పంపేటప్పుడు వీపు ఒక్కటే కాకుండా పక్కనుంచి తల, వెనక పాదం అడుగు, వేళ్ల మధ్య పొర కనిపించేలా తీయండి. ఊరు, తేదీ, అది నీళ్లలో ఉందా, గోడ మీదా, నేలలోనా అన్నది రాయండి. అరుపు వినిపిస్తుంటే అర నిమిషం రికార్డు చేసి పంపండి. చీకట్లో కప్ప కనిపించకపోయినా చాలాసార్లు గొంతును బట్టి అది ఏదో చెప్పగలం.