జర్మనీ బధిరులు: గోడ కట్టాక, గోడ కూలాక

సైగల భాష ప్రపంచమంతా ఒకటేనని చాలామంది అనుకుంటారు. ప్రపంచం సంగతి అటుంచండి, జర్మనీ ఒక్కదానిలోనే నెలలకు, రంగులకు, అంకెలకు కూడా ప్రాంతాన్ని బట్టి సైగ మారిపోతుంది. దానికి మూలం బడులు.

1778లో శామ్యూల్ హైనికె లైప్‌జిగ్‌లో బధిరులకు బడి పెట్టాడు, జర్మనీలో అదే మొదటిది. ఆయన పట్టంతా నోటిమాట మీదే. 1880లో ఇటలీలోని మిలాన్‌లో బధిరుల చదువు మీద టీచర్ల సభ జరిగి నోటిమాటకే ఓటేసింది, ఆ తర్వాత యూరప్‌లో చాలాచోట్ల అదే పద్ధతి పాతుకుపోయింది. పిల్లవాడు ఒక చెయ్యి టీచర్ గొంతు మీద ఆనించి ఆ అదురును పట్టుకోవాలి, రెండో చెయ్యి తన గొంతు మీద పెట్టుకుని అదే అదురు తెప్పించాలి. సైగ చేస్తే తప్పు. అసలు భాష హాస్టల్లో పెద్దపిల్లల్ని చూసి చిన్నవాళ్లకు అబ్బేది, అందుకే ఏ బడి సైగలు ఆ బడివి.

నాజీలు 1933లో తెచ్చిన చట్టంతో, పుట్టుకతో వచ్చిన చెవుడు పిల్లలకూ వస్తుందని చెప్పి వేలమంది బధిరులకు బలవంతంగా పిల్లలు పుట్టకుండా ఆపరేషన్లు చేశారు. ఆ గాయం పచ్చిగా ఉండగానే 1949లో దేశం రెండైంది, 1961 ఆగస్టు 13న బెర్లిన్ మధ్యలో గోడ మొదలైంది.

గోడ అందరినీ విడదీసింది నిజమే, కానీ గొంతు గోడ దాటగలదు. రేడియో దాటింది, 1952లో తెంచేసిన బెర్లిన్ ఫోన్ లైన్లు 1971లో కొన్ని మళ్లీ కలిశాయి. సైగకు మాత్రం ఎదురుగా మనిషి ఉండాలి. ఉత్తరం రాసుకోవచ్చు, అయితే అది జర్మన్‌లో, అంటే బళ్లో గొంతు పట్టుకుని నేర్పిన భాషలో. 1963 క్రిస్మస్‌కు పశ్చిమ బెర్లిన్ వాళ్లకు పాసులిచ్చినప్పుడు తూర్పున ఉన్న బంధువుల ఇంటికెళ్లిన బధిరులకు అది రెండేళ్ల తర్వాత సొంత భాషలో దొరికిన మొదటి ముచ్చట అయ్యుంటుంది, నాకైతే తలచుకుంటేనే గుండె బరువెక్కుతుంది.

ఇలా తూర్పు, పశ్చిమాల్లో బధిరుల బడులు వేరు, సంఘాలు వేరు, కొత్త మాటలకు పుట్టే సైగలూ వేరు. 1990 అక్టోబరు 3న దేశం కలిసింది. కలిసిందంటారు గానీ, సంఘాల విషయంలో తూర్పువాళ్లే వచ్చి పశ్చిమ సంఘంలో చేరారు, అప్పటికి హాంబుర్గ్‌లో సైగల భాష మీద పరిశోధన ఊపందుకుని ఉంది. చట్టంలో ఆ భాషకు గుర్తింపు వచ్చింది 2002లో. తర్వాత హాంబుర్గ్ బృందమే దేశమంతా తిరిగి 330 మంది బధిరుల సంభాషణలు వీడియో తీసింది, అందులో ఒకప్పటి తూర్పు జర్మనీలోని లైప్‌జిగ్ సైగలకూ చోటు దక్కింది.